పాలపొడి పిల్లోడి గొంతు

"మజ్జిగలో ఉప్పేసినావా మే?" అని అడిగాడు మా ఆయన.

"ఏసినా. గమ్మున తాగు," అన్నాను.

"మెల్లగా చెప్పు. ఎదురింటోళ్ళు ఉప్పు చేతబట్టుకోని వస్తారు."

మా ఇద్దరి మధ్య నడిచిన ఆఖరి మాటలు ఇవే. మిట్టమధ్యాహ్నం. ఆయన మజ్జిగ తాగి, గ్లాసు కింద పెట్టి, గోడవైపు తిరిగి పడుకున్నాడు. దీపాలు పెట్టే వేళకు లేపితే లేవలేదు. నేను ఏడ్చిన ఏడుపు విని, మా ఇంట్లో ఎవరో మగమనిషి కొట్లాటకు దిగాడనుకుని పక్క వీధివాళ్ళు కట్టెలు పట్టుకుని వచ్చారు. నా గొంతు అట్లాంటిది. ఎండిన ఈతమట్టను బండమీద ఈడ్చినట్టు ఉంటుందని మా అత్త అనేది.

సంతకం పెట్టడం తప్ప నాకు రాయడం రాదు. నేను చెబుతుంటే రాస్తున్నది నా తమ్ముడి కూతురు. ఆయన పోయాక దాని ఇంట్లోనే ఉంటున్నాను. మొన్న దాని పిల్లలు టీవీ ముందు కూర్చుని కదిలే బొమ్మల కథ ఒకటి చూస్తున్నారు. ఎండాకాలం సెలవులని ప్రత్యేకంగా వేశారట. చెట్ల మధ్య చెరువు, చెరువు పక్కన డేరాలు, డేరాల్లో అమ్మానాన్నలను వదిలి క్యాంపుకు వచ్చిన పిల్లలు. ఒకడికి ఈత రాదు. ఒకతెకు ఇంటిమీద బెంగ. ఇంకొకడు తిండి దొంగ. చూసి పగలబడి నవ్వాను.

"అవ్వా, అరవద్దు. బొమ్మలేం చెప్తాండాయో వినపడలే," అన్నాడు చిన్నోడు.

"ఒరేయ్, ఈ ఆట మేం ఎప్పుడో ఆడినాం. మేకతోలుతో," అన్నాను.

వాళ్ళు నమ్మలేదు. వాళ్ళమ్మ మాత్రం నమ్మి కాగితాలు తెచ్చుకుంది. రాసుకో తల్లీ, చెబుతాను.

నేను కోడలిగా వెళ్ళింది తోలుబొమ్మలాట ఆడే ఇంటికి. మామ, అత్త, మా ఆయన, నేను. పంటలు ఇంటికి చేరాక ఎద్దులబండి కట్టుకుని ఊరూరూ తిరిగేవాళ్ళం. కర్నూలు ఊళ్ళు, కడప ఊళ్ళు, ఏ ఊళ్ళో పిలిస్తే ఆ ఊళ్ళో బండి దింపడమే. తెల్ల పంచెలు కలిపి కుట్టి తెర కట్టేవాళ్ళం. తెర వెనుక ఆముదం దీపం. దీపానికీ తెరకూ మధ్య నిలబడి బొమ్మను గుడ్డకు ఆనించి ఆడిస్తే, అవతల కూర్చున్నవాళ్ళకు రంగురంగుల నీడ కదిలేది. మామ మద్దెల వాయిస్తూ కథ నడిపేవాడు. మగబొమ్మలు మా ఆయనవి. రాణులు, దేవతలు అత్తవి.

తెర వెనుక ఒక కట్టుబాటు ఉండేది. బొమ్మ ఎవరి చేతిలో ఉంటే దాని మాట, పాట వాళ్ళే చెప్పాలి. చేయి ఒకరిది, గొంతు ఒకరిది అయితే బొమ్మ పీనుగులాగా ఉంటుందని మామ అనేవాడు. అందుకే మావాళ్ళు పిల్లను చూడటానికి పోతే ముందు ముఖం చూడరు. చాపమీద కూర్చోబెట్టి పాడిస్తారు. ఒక మంగళారతి, ఒక ఏడుపు పాట. ఏడుపు పాటే ముఖ్యం, మా కథల్లో రాణులకు ఏడవడం ఎక్కువ గదా. నన్నూ అట్లాగే పాడించారు. నేను పాడితే అత్త కళ్ళు తుడుచుకుని, "ఈ పిల్ల మాకు కావాల," అంది.

రెండో ఏడు వానాకాలంలో నాకు దగ్గు పట్టింది. మిరియాల కషాయం తాగాను, తాయెత్తు కట్టుకున్నాను, ఒక సాయిబు మంత్రించిన నీళ్ళు కూడా తాగాను. దగ్గు పోతూ పోతూ గొంతును వెంట తీసుకుపోయింది. ఆ తర్వాత మిగిలింది ఇదిగో, ఇప్పుడు నువ్వు వింటున్నది.

నా చేతికి బొమ్మలు రావడం ఆగిపోయింది. బదులుగా పలకలు ఇచ్చారు. పలకలంటే కాళ్ళ కింద వేసుకుని తొక్కే చెక్కలు. గుర్రం పరుగుకు ఒక రకం, ఉరుముకు ఒక రకం, యుద్ధానికి ఒక రకం తొక్కుడు. నేను బాగానే తొక్కేదాన్ని. కానీ పలకలు తొక్కడానికి కోడలు ఎందుకు? కాళ్ళున్న ఎవరైనా తొక్కుతారు.

అత్తకు పళ్ళు కదిలాయి. పైస్థాయిలో పాట అందుకుంటే ఆయాసం వచ్చేది. ఆ తర్వాతి వేసవికి ముందే ఆమె తేల్చేసింది. ఆలూరు దగ్గర ఆమె తమ్ముడు ఉన్నాడు, ఆయనదీ బొమ్మలాటే. ఆయన కూతురు పాడితే ఎద్దులు మేత ఆపి వింటాయని చెప్పుకునేవాళ్ళు. ఆ పిల్లను మా ఆయనకు రెండో పెళ్ళాంగా తేవాలి. నాకు అప్పటికి పిల్లలు కూడా లేరు కాబట్టి అడిగే దిక్కు లేదు.

"నిన్ను పొమ్మన్నామా?" అంది అత్త నాతో. "తిను, ఉండు, పలకలు తొక్కు. ఎవరొద్దన్నారు?"

పొమ్మన్నా బాగుండేది. నా చాప పక్కన ఇంకో చాప, నా ముందు ఇంకొకతె పాడుతుంటే ఆ పాటకు నేను కాళ్ళతో తాళం. తలుచుకుంటేనే ముద్ద దిగేది కాదు.

"నువ్వేమంటావు?" అని మా ఆయన్ని అడిగాను.

"అమ్మ చెప్పింది గదా," అని ఊడిపోయిన ఒక బొమ్మ మోచేతిని దారంతో కుట్టుకుంటూ కూర్చున్నాడు. ఆయన మంచివాడే. బొమ్మల చేత గంటలకొద్దీ మాట్లాడించేవాడు. తన మాట మాత్రం ఒక్కటీ బయటికి వచ్చేది కాదు.

నందికొట్కూరులో మా ఆటకు ఆలూరాయన కూతుర్ని వెంటబెట్టుకుని వచ్చేటట్టు, ఆ పిల్ల తెర వెనుక ఒక ఆట ఆడి చూపేటట్టు, నచ్చితే అక్కడే మాట ఖాయం చేసుకునేటట్టు అనుకున్నారు.

కర్నూలు రాజధానిగా ఉన్న రోజులవి. కర్నూల్లో ఆఫీసులు డేరాల్లో ఉన్నాయని జనం వింతగా చెప్పుకునేవాళ్ళు. నందికొట్కూరు హైస్కూల్లో ఆ ఎండాకాలం పిల్లల క్యాంపు పెట్టారు. అటు ఆలూరు వైపు నుంచి, ఇటు కమలాపురం వైపు నుంచి పిల్లలను తెచ్చి బడిగదుల్లో చాపలమీద పడుకోబెట్టారు. ఖాకీ నిక్కర్లు, తెల్ల చొక్కాలు. ఆడపిల్లలు కొద్దిమంది, వాళ్ళది వేరే గది. మేం బడి గోడ పక్కన వేపచెట్ల కింద బండి విప్పాం. మెడలో ఈల వేసుకున్న బక్కపల్చటి అయ్యవారు ఒకాయన క్యాంపు నడిపేవాడు. మా మామ దగ్గరికి వచ్చి కూర్చున్నాడు.

"పెద్దాయనా, ఆఖరి రోజు సాయంత్రం మా పిల్లలకు ఆట ఆడల్ల. కానీ దేవుళ్ళ కథ వద్దు. ఈ పిల్లోళ్ళ కథే ఆడు. వాళ్ళు ఈడ ఏం చేసినారో అది."

మామ తల గోక్కున్నాడు. "పిల్లోళ్ళ కథలో యుద్ధం ఉండాదా సామీ?"

"లేదు."

"శాపం?"

"శాపమేందప్పా? లేదు."

"పోనీ పెండ్లి?"

"చిన్నపిల్లోళ్ళయ్యా వాళ్ళు!"

"మరేముండాది కథలో?"

"పొద్దున లేస్తారు. డ్రిల్లు చేస్తారు. బావిలో ఈత నేర్చుకుంటారు. పాలు తాగుతారు."

మామ శానా సేపు ఆలోచించాడు. "ఆ పాలలో ఎవురన్నా విషం కలుపుతారా సామీ?"

అయ్యవారు నవ్వి నవ్వి ఈల జేబులో వేసుకుని, "అది నువ్వే చూసుకో," అని లేచిపోయాడు.

ఒప్పుకున్నాం గానీ మా బుట్టలో పిల్లల బొమ్మలు ఎక్కడివి? రాజులు, రాక్షసులు, కోతులు, ఏనుగులు ఉన్నాయి. నిక్కరు వేసుకున్నవాడు ఒక్కడూ లేడు. అప్పటికే గీకి ఎండబెట్టిన మేకతోళ్ళు ఉంటే మామ ఉలి పట్టుకుని కూర్చున్నాడు. ఆయన చిన్నప్పటి నుంచి బొమ్మలు కోసినవాడు. ఆ చేతికి కిరీటం లేని తల రాదు. ముక్కు కోసి, నుదురు కోసి, అట్లాగే పైకి పోయి కిరీటం కోసేశాడు. చూసుకుని నాలుక కరుచుకున్నాడు. రెండోది కోశాడు. మళ్ళీ కిరీటం. మూడోదానికి మా ఆయన పక్కనే కూర్చుని, "నాయినా, ఆపు ఆపు, నుదురైపోయింది," అని చేయి పట్టుకుంటే గానీ ఆగలేదు. కోసిన కిరీటాలను కత్తిరించేస్తే పిల్లలందరికీ గుండ్లు మిగిలాయి. భుజాల మీద రాజుల నగల తూట్లు అట్లాగే ఉండిపోయాయి. మా దగ్గర ఖాకీ రంగు లేదు. నిక్కర్లకు ఆకుపచ్చ పూశాం. తిరునాళ్ళలో గుండు కొట్టించుకుని, రాజుల నగలు దొంగిలించి, ఆకుపచ్చ నిక్కర్లలో పారిపోతున్న పిల్లల్లాగా ఉన్నారు వాళ్ళు.

నేను ఆ రోజుల్లో తోళ్ళు కడగడానికి బడి వెనుక దిగుడుబావికి పోయేదాన్ని. పిల్లలు నడుములకు బెండ్లు కట్టుకుని అక్కడే ఈత నేర్చుకునేవాళ్ళు. కమలాపురం పిల్లోడొకడు, తనకు ఈత పుట్టుకతోనే వచ్చునని అందరికీ చెప్పేవాడు, నీళ్ళలో దిగగానే మెట్టును రెండు చేతులతో కావలించుకునేవాడు. పొద్దున పాలపొడి కలిపిన పాలు ఇచ్చేవాళ్ళు. ఆ పాలు ఎవరికీ పడేవి కావు. వాసన. కానీ పొడి అంటే ప్రాణం. వంటగది వెనుక దొంగతనంగా గుప్పెడు పొడి నోట్లో వేసుకునేవాళ్ళు. అది అంగిట్లో బంకలాగా అతుక్కునేది. అప్పుడే అయ్యవారు వచ్చి ఏదైనా అడిగితే, వాళ్ళు కళ్ళు పెద్దవి చేసి తలలు ఊపడం తప్ప నోరు తెరవలేకపోయేవాళ్ళు. నా దిగులు నాకుండగా కూడా వాళ్ళను చూస్తే నవ్వొచ్చేది.

ఆట రోజు పొద్దున ఆలూరాయన దిగాడు, వెంట ఆ పిల్ల. నల్లటి పిల్ల, పెద్ద కళ్ళు, సన్న జడ. వచ్చినప్పటి నుంచి తల ఎత్తలేదు. అత్త ఆమెను నా చాపమీదనే కూర్చోబెట్టి పాడమంది. పాడింది. తల్లీ, అబద్ధం చెప్పకూడదు, ఆ గొంతు వింటే చేతిలో పని జారిపోతుంది. నా చేతిలో జొన్నపిండి ఉంది. పిండి పిసుకుతున్నదాన్ని అట్లాగే ఆగిపోయాను. అత్త నావైపు చూసి, "రొట్టె మాడుతాంది చూసుకో," అంది. పొయ్యి మీద ఇంకా పెనమే పెట్టలేదు.

అత్త అంతా సిద్ధం చేసింది. పాలు తాగే పిల్లోడి బొమ్మ ఆలూరు పిల్లకు. చిన్నది, తేలిక, చేయి నొప్పి పుట్టదు. ఆ బొమ్మతో పిల్ల పాట నలుగురూ వింటారు. ఆట కాగానే తాంబూలాలు. తమలపాకులు కూడా తెప్పించి తడిగుడ్డలో చుట్టి బండిలో పెట్టింది. నేను ఆ మూటను చూశాను.

పొద్దు గూకగానే ఆట మొదలుపెట్టాం, పిల్లలు తొందరగా పడుకోవాలని. మామ వినాయకుణ్ణి తలచుకున్నాడు. గుండ్ల పిల్లలు తెరమీదికి రాగానే అవతల గోల.

"రేయ్, అందరూ గుండోళ్ళేరా!"

"మెడలో హారాలేసుకుండారు చూడు!"

డ్రిల్లు బాగా నడిచింది. మా ఆయన రెండు చేతుల్లో ఇద్దరు పిల్లల్ని పట్టుకుని ఒకటి, రెండు అంటుంటే నేను పలకలు తొక్కాను. వాళ్ళ అయ్యవారి ఈల మామ నోటితో వేశాడు. పిల్లలు కేరింతలు. ఆ తర్వాత పాల కట్టం వచ్చింది. కట్టమంటే కథలో ఒక ముక్క.

ఆలూరు పిల్ల తన బొమ్మను తెరకు ఆనించి పాట ఎత్తుకుంది. అత్త నేర్పినట్టే. రాణి అడవిలో ఒంటరిగా ఏడ్చే వరస. పాలు తాగలేని పిల్లోడు ఆ వరసలో "ఓ పాలా" అని సాగదీసి శోకం పెడుతున్నాడు. తియ్యటి గొంతు. కానీ అవతల పిల్లలకు ఏం కావాలి? మొదట ఊరుకున్నారు. తర్వాత గుసగుసలు. తర్వాత వేపకాయ ఒకటి వచ్చి తెరకు తగిలింది. ఇంకొకటి. "నిశ్శబ్దం!" అని అయ్యవారు అరిచాడు. పిల్ల చేయి వణికింది. బొమ్మ తల వాలిపోయింది. పాట మధ్యలో ఆగింది. తెరమీద ఒక గుండు పిల్లోడు తల వేలాడేసుకుని నిలబడ్డాడు, మాట లేదు, పలుకు లేదు. మామ మద్దెల మీద చేయి ఆడిస్తూ ఎవరైనా అందుకుంటారేమోనని చూస్తున్నాడు. అత్త నోరు తెరిచింది గానీ ఆయాసం.

నేను ఆలోచించి చేసింది కాదు. ఆ వాలిన తల చూసేసరికి వంటగది వెనుక పిల్లలు గుర్తొచ్చారు. పలకల మీద నిలబడే, నా గొంతుతో, ముక్కులోంచి, "మ్మ్... మ్మ్... రేయ్, నా నోరతుక్కపాయ రా! పొడి తిన్యా రా!" అన్నాను.

అవతల బడి గోడలు పగిలినంత నవ్వు.

అత్త నా తొడ గిచ్చింది. "నోరు ముయ్. బొమ్మ లేకుండా మాట్లాడతావా?" అంది పళ్ళ మధ్య నుంచి. కట్టుబాటు తప్పాను కదా. అప్పుడు ఆలూరు పిల్ల నావైపు తిరిగింది. పొద్దున నుంచి మొదటిసారి నా ముఖంలోకి చూసింది. వెదురుబద్దతో సహా బొమ్మను నా అరచేతిలో పెట్టి వేళ్ళు మూసింది.

"పట్టుకో అక్కా."

అత్త గిచ్చడం ఆపేసింది. మామ కూడా చూశాడు. ఎందుకో చెబుతాను. ఆట నడుస్తుండగా బొమ్మ చేతులు మారితే, అది మారిన చేతిదే. ఆట అయ్యాక తిరిగి అడగకూడదు. మావాళ్ళలో అందరికీ తెలిసిన నియమం. మా ఆయన ఆడించే రాజుల బొమ్మలు మొదట మామకు అట్లాగే వచ్చాయి. వాళ్ళ అన్నకు ఆట మధ్యలో కడుపు నొప్పి వచ్చి, బొమ్మలు తమ్ముడి చేతిలో పెట్టి చేలోకి పరుగెత్తాడు. తిరిగి వచ్చేసరికి ఆయనకు తాళాలు మిగిలాయి. బతికినంతకాలం తాళాలే కొట్టాడు.

బొమ్మ చేతిలోకి రాగానే నాకు భయం పోయింది. తల పైకెత్తి రెండు చేతులూ నోటిమీద పెట్టించాను. పక్కన మా ఆయన చేతిలో ఈత పిల్లోడి బొమ్మ ఉంది. ఆయన నావైపు చూడలేదు, బొమ్మను మాత్రం నా బొమ్మ దగ్గరికి జరిపాడు.

"నోరు తెరువు, చూస్తా," అన్నాడు ఈత పిల్లోడు.

"తెరుచుకోలే."

"మరి మాట్లాడతాండావు గదరా?"

"ఇది ముక్కుతో మాట్లాడేదిరా! ముక్కుతో!"

ముందుగా అనుకున్న మాట ఒక్కటీ లేదు. ఆయన అంటే నేను అన్నాను, నేను అంటే ఆయన అన్నాడు. నాలుక ఎక్కడుందో వెతకమన్నాను. ఆయన వెతికాడు. నీకు ఈత వచ్చునా అని అడిగాను. "పుట్టుకతోనే వచ్చు. నీళ్ళు లేకుంటే ఇంగా బాగా వచ్చు," అన్నాడు. అవతల కమలాపురం పిల్లోణ్ణి అందరూ వీపుమీద చరుస్తున్న చప్పుడు వినిపించింది. కాళ్ళకింద పలకలు తొక్కుతూనే ఉన్నాను. బావిలో దూకే చప్పుడు నా కాళ్ళదే, కెవ్వున అరిచే గొంతు నాదే.

ఆఖర్న, కథలో చీకటిపడే వేళ, పిల్లోడు ఇంటిమీద బెంగతో గోడవారన ఒంటరిగా కూర్చునే కట్టం.

"ఏందిరా, ఏడుస్తాండావా?" అన్నాడు ఈత పిల్లోడు.

"ఏడ్వలే. కంట్లో దుమ్ము పడింది," అన్నాను.

"రెండు కండ్లలోనా?"

"పెద్ద దుమ్ము."

ఇక్కడ నవ్వలేదు పిల్లలు. ఏడ్చి ఏడ్చి బొంగురుపోయిన పిల్లోడి గొంతు ఎట్లా ఉంటుందో నా గొంతు అట్లాగే ఉంది. కాసేపటికి చీకట్లోంచి ఒక సన్న గొంతు వచ్చింది. "నాగ్గూడా పడింది!" అప్పుడు మళ్ళీ అందరూ నవ్వారు, ఆ సన్న గొంతువాడు కూడా.

ఆట అవగానే పిల్లలు తెర ఎత్తుకుని లోపలికి దూరారు. ఎవరూ ఆపలేకపోయారు.

"ఆ పిల్లోడు యాడ?"

"ఏ పిల్లోడు నాయినా?" అన్నాడు మామ.

"గొంతు బొంగురుగా ఉంటాది చూడు, వాడు!"

"నేనేరా," అన్నాను.

"అబద్ధం. నువ్వు ఆడమనిషివి."

"మళ్ళా అను, చూస్తాం," అంది ఒక చిన్నపిల్ల.

"నా నోరతుక్కపాయ రా," అన్నాను. కిందపడి దొర్లారు. నన్ను ఆ మాట ఎన్నిసార్లు అనిపించారో చెప్పలేను. గొంతు నొప్పి పుట్టినా అంటూనే ఉన్నాను.

అయ్యవారు వచ్చాడు. కమలాపురంలో ఇంకో క్యాంపు మొదలవుతుందని, ఇదే ఆట అక్కడా ఆడాలని మామతో అన్నాడు.

"ఆమెను అడగండి సామీ," అన్నాడు మామ నన్ను చూపించి. "పిల్లోడు ఆమె చేతిలో ఉండాడు."

ఆ మాట విన్నాకే చేతిలో ఉన్న బొమ్మను కిందికి దించి చూసుకున్నాను.

వేపచెట్ల కింద అన్నాలకు కూర్చున్నాం. క్యాంపు వంటవాళ్ళు సంగటి, పప్పు పంపారు. అత్త తమలపాకుల మూట తెచ్చి తమ్ముడి ముందు పెట్టింది.

"ఇంగ మాట అనుకుందామా?"

ఆలూరాయన మూట ముట్టుకోలేదు. "ఏమనుకునేది అక్కా? నా కూతురు ఆటలో బొమ్మ ఇచ్చేసింది. ఇచ్చినాక అడుక్కునేదానికి నేను రాలే."

"అది పిల్లోడి బొమ్మ రా, ముక్క తోలు! నా రాణుల బొమ్మలన్నీ ఉండాయి గదా పాపకు?"

"తెరకాడికి వచ్చిన దినమే చేతిలోది పోగొట్టుకున్న పిల్ల, నీ రాణులను నిలబెడతాదా? నలుగురూ చూసినారు. నాకు దుడ్ల ఆశ లేదు, మర్యాద చాలు."

"మరి నా గొంతు పోతాంది. రాణులకు ఎవురు పాడతారు?"

నేను సంగటి ముద్దను పళ్ళెంలో అటూ ఇటూ దొర్లిస్తున్నాను. అప్పుడు మా ఆయన, తల ఎత్తకుండా, పప్పులోకి చూస్తూ అన్నాడు.

"పాడే మనిషి వద్దమ్మా. నాకు ఎదురు మాట్లాడే మనిషి ఉండాది. సాలు."

ఇన్నాళ్ళూ ఈయన నోట్లోనూ పాలపొడి అతుక్కుని ఉన్నట్టుందే అనుకున్నాను. నవ్వు వచ్చింది, ఏడుపూ వచ్చింది. రెండూ మింగాను. వాటితో పాటే ముద్ద కూడా దిగింది. ఎన్నాళ్ళ తర్వాతో.

"రాణులు కొన్నాళ్ళు పాడకుండా మాట్లాడతారులే," అన్నాడు మామ చేయి కడుక్కోవడానికి లేస్తూ. "రాణులకు మాత్రం నోరు లేదా?"

అత్త తమలపాకుల మూట విప్పింది. ఒక ఆకు తీసి ఈనె గిల్లి, సున్నం రాసి తానే వేసుకుంది. "మరి పలకలెవురు తొక్కాల? నేనా?" అంది.

"నువ్వే," అన్నాడు మామ.

చేతులు కడుక్కునే తొట్టి దగ్గర ఆలూరు పిల్ల ఒక్కతే ఉంది. నేను పక్కకు పోయి నిలబడ్డాను.

"చేయి వణికింది గదా, పాపం," అన్నాను.

"వణకలే అక్కా. వణికించినా." తల ఎత్తి నవ్వింది. "ఎట్లయినా ఎవురి చేతిలోనన్నా పెట్టి తప్పించుకోవల్లని పొద్దుటి నుంచి చూస్తాండా. పెట్టేదానికి చేయి దొరకలే. నువ్వు నోరు తెరిచి బతికించినావు. ఇంకొకరింట్లో రెండో పొయ్యి పెట్టుకునే పని నాకొద్దు."

నేను ఆ తొట్టి గట్టునే కూర్చున్నాను. అది వచ్చి నా పక్కన కూర్చుంది. ఇద్దరం తడిచేతులు చీరలకు తుడుచుకుంటూ ఊరికే కూర్చున్నాం. గదిలో పిల్లలు పడుకోకుండా "నా నోరతుక్కపాయ రా" అని ఒకరి తర్వాత ఒకరు అరుస్తున్నారు. అయ్యవారు ఈల ఊదుతున్నాడు.

ఆ పిల్ల తర్వాతి ఏడు తన తండ్రి ఆటలోనే మద్దెల వాయించే అతన్ని చేసుకుంది. నేను కమలాపురంలో ఆడాను, ఇంకా ఊళ్ళలో ఆడాను. పిల్లల బొమ్మలు పెరిగాయి. మామ చేతికి కిరీటం అలవాటు తప్పింది, చివరికి ఒక రాజును కూడా గుండుతో కోసి మా చేత తిట్లు తిన్నాడు. అత్త పలకలు తొక్కింది. గుర్రం పరుగు అడిగితే ఉరుము తొక్కేది, తప్పు నాదేనని కసిరేది. కసిరితే ఏం? నా చాప పక్కన రెండో చాప పడలేదు. తెర వెనుక ఆయన పక్కన నిలబడే చోటు నాదే అయింది, ఆయన ఆడినంతకాలం. ఆ సాయంత్రం ఆ చోటు పోయి ఉంటే ఆ తర్వాత బతుకంతా ఎట్లా ఉండేదో ఇప్పుడు తలుచుకోను. పోలేదు కదా.

ఇంక చాలు, నీ చేయి కూడా నొప్పి పుట్టి ఉంటుంది. పిల్లల్ని ఆ టీవీ ఆపి ఇటు రమ్మను, వాళ్ళూ వినాలి. ఏదీ తల్లీ, రాసింది మొదటి నుంచి చదువు. గట్టిగా చదువు.